ఎగిరొచ్చిన రాకెట్‌ను కడిగే పని

నేను రాకెట్ కంపెనీలో పనిచేసి రిటైరయ్యానంటే యాకుత్‌పురాలో మా గల్లీవాళ్లు సగం మంది నమ్మరు. నమ్మిన సగం మంది, "గక్కడ ఏం పని జేసినవ్ ఆపా?" అని అక్క వరస కలిపి అడుగుతారు. "కడిగిన" అంటే వాళ్లకూ నమ్మకం పోతుంది. పెళ్లిళ్లలో ఎవరైనా అడిగితే మా ఆయన "సైంటిస్ట్" అని చెప్పేసి, నేను నోరు తెరిచేలోపు మాటను బిర్యానీ మీదికి మళ్లిస్తాడు.

మా కంపెనీలో కొత్తగా చేరినవాళ్లు కొందరు, మీ అనుభవాలు రాసిపెట్టండి మేడం అని అడిగారు. నియమాలన్నీ ఫైళ్లలో ఉన్నాయి, అవి చదువుకోండి. ఫైళ్లలోకి ఎక్కనివి ఇక్కడ రాస్తున్నాను. ప్రమోషన్ల గురించి రాయను. వచ్చినప్పుడు సంతోషపడ్డాను, రానప్పుడు తిట్టుకున్నాను. అందులో మీరు నేర్చుకునేదేమీ లేదు.

సమోసా

నా పేరు నసీమ్ సుల్తానా. కెమిస్ట్రీలో డిగ్రీ చేశాను. ఇరవై ఏళ్లకు పైగా ఒక మందుల ఫ్యాక్టరీలో, మందు తయారైన పాత్రలు నిజంగా శుభ్రపడ్డాయా లేదా అని పరీక్షించాను. ఆ ఫ్యాక్టరీ మరో రాష్ట్రానికి తరలిపోయింది. నేను తరలలేదు. ఏడాదిపాటు ఇంట్లో కూర్చుని మా కోడలు తోమిన గిన్నెలను వెలుతురులో పట్టి చూడటం మొదలుపెట్టేసరికి, ఇంట్లోవాళ్లే వెతికి నాకొక ఉద్యోగ ప్రకటన చూపించారు.

ఇంటర్వ్యూ చేసినవాడు కంపెనీ యజమాని ప్రణీత్. వరంగల్ కుర్రాడు, మా పెద్దవాడి ఈడువాడు. టేబుల్ మీద ఒక స్టీలు వాల్వు, దాని పక్కన సమోసాల పొట్లం ఉన్నాయి.

"ఆంటీ, రాకెట్ల గురించి మీకేం తెలుసు?" అన్నాడు.

"ఏం తెల్వదు బాబూ. గానీ సమోసా తిన్న చేతితోనే నువ్వు ఆ వాల్వు పట్టినవని తెల్సు."

అతను తన చేతిని చూసుకున్నాడు. వాల్వు మీద బొటనవేలి ముద్ర నిగనిగలాడుతోంది. ఆ వాల్వు మర్నాడు పరీక్షకు పోవాల్సినదట.

"ఎప్పుడు చేరుతరు?" అన్నాడు.

"ముందు ఆంటీ అనుడు బంద్ జెయ్యి. ఆంటీ మాట ఎవ్వరూ వినరు. మేడం అను, నేను సార్ అంట."

వేలిముద్రకు అంత భయమెందుకో చెప్పాలి. మా రాకెట్ కిరోసిన్‌తో నడుస్తుంది. కిరోసిన్ మండాలంటే ఆక్సిజన్ కావాలి. పైకి పోయేకొద్దీ గాలి పలచబడుతుంది కాబట్టి ఆక్సిజన్‌ను ద్రవంగా మార్చి ట్యాంకులో మోసుకుపోతాం. చూడటానికి లేత నీలంగా, ముద్దుగా ఉంటుంది. కానీ దానికి నూనె పడదు. గొట్టంలో కాస్త జిడ్డు ఉండి, దానికి చిన్న దెబ్బ తగిలితే చాలు, జిడ్డుతో మొదలై గొట్టమే అంటుకుంటుంది. ఉక్కు కూడా కాగితంలా కాలిపోతుంది. అందుకే కొత్తవాళ్లకు మొదటిరోజే చెప్పేదాన్ని: మన రాకెట్‌కు శత్రుదేశాలేమీ లేవు, సమోసాలున్నాయి.

యాదగిరి

నా విభాగంలో మొదట ఇద్దరమే. రెండోవాడు యాదగిరి. నా ఈడువాడే. అంతకుముందు బేగంబజార్‌లో ఒక గిన్నెల హోల్‌సేల్ దుకాణంలో పాతికేళ్లు పనిచేశాడు. ఇంజనీర్లు అతన్ని చూసి, ఇతనికేం తెలుసన్నట్టు ముఖం పెట్టారు. నేను మాత్రం అతను చెప్పిన మొదటి మాటకే పడిపోయాను.

"ఆపా, మెరిసేదంత శుభ్రం అనుకుంటరు జనం. గిన్నెలమ్మేటోనికి ఎరుకే, మెరుపంటే పాలిష్. పాలిష్ అంటే జిడ్డు."

పరీక్షలు రెండు. లోహం మీద శుద్ధమైన నీళ్లు పోస్తే, శుభ్రంగా ఉన్నచోట నీరు పలచటి తెరలా పరుచుకుంటుంది. జిడ్డు ఉన్నచోట తెర చిరిగి ముత్యాలవుతుంది. రెండోది ఊదారంగు దీపం. గదిని చీకటి చేసి ఆ దీపం పట్టుకుంటే చాలా నూనెలు నీలంగా వెలుగుతాయి. అన్నీ వెలగవు. అందుకే రెండు పరీక్షలూ చెయ్యాలి. ఒకటి చేసి రెండోది చేసినట్టు రాసేవాళ్లను నేను ఎప్పుడూ క్షమించలేదు, మీరూ క్షమించకండి.

మా గది గడప ముందు తెల్లగీత ఒకటి ఉండేది. తలనూనె, అత్తరు, హ్యాండ్ క్రీమ్ ఆ గీత దాటకూడదు. ఒకరోజు ప్రణీతే తలకు నూనె రాసుకుని నున్నగా దువ్వుకొచ్చాడు. యాదగిరి తలుపుకు అడ్డంగా నిలబడ్డాడు.

"ఇది నా కంపెనీ యాదగిరన్నా."

"కంపెనీ మీదే సార్. గది మాది, నూనె మీది. తలస్నానం జేసి రండ్రి."

మొదటి ప్రయోగానికి ముందు ప్రణీత్ మేనత్త పూజ చేయించింది. మేం టీ తాగి వచ్చేసరికి ఆక్సిజన్ గొట్టాల మీద వరుసగా పసుపు, కుంకుమ బొట్లు. పక్కన నువ్వులనూనె దీపం. కాదంటే ఏమనుకుంటారో. పైగా అనేది నేను. నేను గొంతు సవరించుకునేలోపే యాదగిరి ముందుకెళ్లి చేతులు జోడించాడు.

"అమ్మా, దేవునికి మన అడ్రస్ మంచిగ ఎరుకే. బొట్టు రాకెట్ నిలబెట్టే స్టాండుకు పెట్టినా ఆయనకు చేరుతది. గొట్టానికి పెడితే మాత్రం మనమే ఆయనకు చేరుతం."

ఆమె నవ్వి, దీపాన్ని ఆవరణ బయట వేపచెట్టు కిందికి మార్చింది. ఆ గొట్టాలు విప్పి కడగడానికి మాకు రోజంతా పట్టింది. దబీర్‌పురాలో ఉండే మా అమ్మ రాకెట్‌కు కట్టమని ఇచ్చిన తావీజును, అంటే తాయెత్తును కూడా నేను స్టాండుకే కట్టాను. న్యాయం అందరికీ ఒకటే ఉండాలి.

నా వేళ్లు

ఇక నా తప్పు. మొదటి ప్రయోగానికి వారం ముందు మా అక్క కూతురి పెళ్లయింది. మెహందీ ఎర్రగా పండాలని అమ్మాయిలు నా చేతులకు కూడా ఏదో నూనె పట్టించారు. సోమవారం పనికి వచ్చాను. సబ్బుతో కడుక్కున్నాను, గ్లవ్స్ వేసుకున్నాను, ఏడు వాల్వులు బిగించే పని దగ్గరుండి చేయించాను, అన్నిటినీ నా చేత్తోనే అందించాను. అయితే గ్లవ్స్ వేసుకునేటప్పుడు ఒట్టి చేత్తో వాటి వేళ్లు పట్టి లాగాను. ఈ తప్పు చేయొద్దని వారానికి మూడుసార్లు అందరికీ పాఠం చెప్పేదాన్ని నేనే.

మధ్యాహ్నం యాదగిరి నా దగ్గరికి వచ్చి నిలబడ్డాడు.

"ఏంది యాదగిరీ?"

"ఏం లేదాపా. ఇంట్ల పెండ్లి మంచిగైందా?"

"అయింది. ఎందుకు?"

"మిగిలిన వాల్వు మీద ఏలిముద్రలున్నయి. అవి గూడ పెండ్లికి పోయొచ్చినట్లున్నయి."

చీకటి గదిలోకి పోయి చూశాను. బిగించగా మిగిలిన వాల్వు మీద నీలంగా, ముచ్చటగా వెలుగుతున్నాయి నా వేళ్లు. అదే గ్లవ్స్‌తో ముట్టిన ఏడూ అప్పటికే రాకెట్‌లో ఉన్నాయి. మూడు రోజుల్లో ప్రయోగం, అతిథులందరికీ పిలుపులు వెళ్లిపోయాయి. అబద్ధమెందుకు, గది నుంచి ప్రణీత్ టేబుల్ దాకా నడిచిన ఆ నలభై అడుగుల్లో నాకు కనీసం నాలుగు సాకులు తోచాయి. ఒకటైతే చాలా బాగుంది కూడా.

"సార్, ఏడు వాల్వులు మళ్లీ విప్పాలె."

"ఎందుకు?"

"నూనె ఉంది."

"ఎవరిది?"

"నాది."

జోకనుకుని నవ్వాడు. నా ముఖం చూసి ఆపాడు. తర్వాత అరిచాడు. "మీరే గిట్ల జేస్తే నేనింకెవరికి చెప్పాలె మేడం?" అన్నాడు. ప్రయోగం నాలుగు రోజులు వాయిదా పడింది. లోపాల రిజిస్టర్‌లో కారణం అనే గడిలో నా పేరు నేనే రాశాను. కొన్నాళ్లకు ప్రణీత్ అడిగాడు, "మేడం, మీరు చెప్పకపోతే ఎవరికి తెల్సేది?"

"ఎవ్వరికి తెల్వకపోతుండె. ఆక్సిజన్‌కు తెలుస్తుండె."

ఆ రోజు నుంచి పొద్దున్నే నా చేతులు యాదగిరికి చూపించాలని నేనే నియమం పెట్టాను. అతను దాన్ని కొంచెం ఎక్కువగానే ఆనందించాడు. "తిప్పుండ్రి. గోర్లు సూపెట్టుండ్రి. ఆఁ, పోండ్రి" అని బడిలో హెడ్మాస్టర్‌లా అనేవాడు. చిరాకేసేది. కానీ తనిఖీ చేసేవాళ్లనే ముందు తనిఖీ చెయ్యాలి. ఇంతకన్నా గట్టిగా చెప్పగలిగింది నా దగ్గర లేదు.

అంట్లు

మా రాకెట్ కింది భాగం మూడంతస్తుల ఇంటి ఎత్తు, నాలుగు కాళ్లు. అప్పట్లో అది అంతరిక్షానికి పోదు. కొంత ఎత్తుకు లేచి, గాలిలో నిలబడి, తిరిగి అదే కాళ్ల మీద దిగాలి. దిగడం నేర్చుకోవడమే దాని చదువు.

ఊరికి దూరంగా, తుమ్మచెట్ల బంజరులో మొదటిసారి ఎగిరింది. లేచింది, ఆగింది, ఊగింది. ఎర్రమట్టి మేఘంలోకి దిగి మాయమైంది. దుమ్ము తేలిపోయాక చూస్తే నిలబడే ఉంది. కుర్రాళ్లు ఒకరినొకరు ఎత్తుకుని తిరిగారు. అందరికీ దిగిన రాకెట్ కనిపించింది. నాకు అంట్లు కనిపించాయి. నడుం దాకా మసి, కాళ్ల నిండా మట్టి.

ఈ వ్యాపారంలో అసలు సంగతి ఇదే. ఒకసారి ఎగిరితే చప్పట్లు కొడతారు. అదే రాకెట్ రెండోసారి ఎగిరితేనే పని ఇస్తారు. వాడి పారేసే రాకెట్‌ను ఒక్కసారి శుభ్రం చేస్తే చాలు. తిరిగొచ్చేదాన్ని ప్రతిసారీ కొత్తదానిలా చెయ్యాలి. మాకు ఉపగ్రహాలు ఇస్తామన్న బెంగళూరు కంపెనీ ఒకటే షరతు పెట్టింది: ఇదే రాకెట్ నెలలోపు మళ్లీ ఎగరాలి. ఆ ఆర్డర్ రాకపోతే మా షెడ్డుకు తాళమేనని ప్రణీత్ దాచకుండా చెప్పాడు.

ఆ సాయంత్రమే వాన మొదలైంది. రాకెట్‌ను తేవాల్సిన పెద్ద ట్రాలీ బురదలో కూరుకుపోయింది. పది రోజులు రాకెట్ ఆ బంజరులోనే నిలబడింది. దాని కన్నాలన్నిటికీ ఎర్ర మూతలు పెట్టి, లిస్టులో టిక్కులు కొట్టి వచ్చాం. షెడ్డుకు తెచ్చాక కడగడం మొదలుపెట్టాం. మసి, మట్టి, గడ్డి, మిడతలు. ఒక కాలి సందులో తొండ కాపురముంది. దాన్ని బయట వదిలితే రెండుసార్లు తిరిగొచ్చింది. "దీనికి ఎగురుడు మస్తు నచ్చినట్లుంది ఆపా" అన్నాడు యాదగిరి.

గడువుకు ఐదు రోజుల ముందు అంతా అయిపోయింది. నా సంతకం పడితే మర్నాడు రాకెట్ బయలుదేరుతుంది. కలం తీస్తుంటే యాదగిరి పిలిచాడు.

"ఆపా, గీ కందిరీగ పొద్దటిసంది గా సన్న గొట్టం కాడికే వస్తుంది. నోట్ల మట్టి పట్టుకొస్తుంది. కిరాయికి దిగినట్లుంది."

ఆ గొట్టం పెన్సిల్ అంత లావుంటుంది. ఆక్సిజన్ ట్యాంకులో ఒత్తిడి మితిమీరితే సేఫ్టీ వాల్వు తెరుచుకోవాలి. అది తెరుచుకోవాలంటే ఈ గొట్టంలోంచి గాలి బయటికి పోవాలి. ప్రెషర్ కుక్కర్ విజిల్‌లో మెతుకు ఇరుక్కుంటే ఏమవుతుందో మీకు తెలుసు. కుక్కర్ మూడంతస్తులుంటే ఏమవుతుందో ఊహించుకోండి.

ప్రణీత్ దగ్గరికి వెళ్లాను.

"సంతకం పెట్ట సార్. ఆ గొట్టం విప్పాలె."

"అది విప్పాలంటే ఇంజన్ చుట్టున్న కవచమంతా తియ్యాలె. రెండు రోజులు! ప్రెషర్ రీడింగ్ మంచిగనే ఉంది గదా మేడం?"

"ట్యాంకు ఖాళీగుంది సార్. ఖాళీ కుక్కర్ల ఎసొంటి లొల్లీ ఉండదు."

"రేపు మాధవి గారొస్తున్నరు. బెంగళూరు కంపెనీ తరఫున. ఆమెకేం చెప్పాలె నేను?"

"కందిరీగ అని చెప్పుండ్రి."

"ఒక్క కందిరీగ కోసం..." అని ఏదో అనబోయి, తలుపు ధడాలున వేసి వెళ్లిపోయాడు. నేను అక్కడే కూర్చున్నాను. ఇంటికి పోయి మా ఆయనకు ఉద్యోగం పోయిందని ఎలా చెప్పాలో అనుకుంటున్నాను. పావుగంటకు ప్రణీత్ తిరిగొచ్చాడు. మోకాళ్లకు దుమ్ము అంటి ఉంది.

"నేను పోయి కూసుని చూసిన మేడం. అది లోపలికి పోయింది. ఐదు నిమిషాలైనా బయటికి రాలే." నుదురు రుద్దుకున్నాడు. "విప్పుండ్రి."

కోపం రాని బాసు కోసం వెతక్కండి, దొరకడు. కోపం వచ్చాక కూడా వెళ్లి తన కళ్లతో చూసొచ్చేవాడు దొరికితే వదలకండి.

మర్నాడు మధ్యాహ్నం కవచం ఊడే వేళకు మాధవి వచ్చింది. నెల్లూరు మనిషి, ఇంజనీరు, మాట తక్కువ. ప్రణీత్ ఏదో ఉపన్యాసం సిద్ధం చేసుకున్నాడు గానీ అవకాశం రాలేదు. యాదగిరి గొట్టం విప్పి, తెల్ల గుడ్డ మీద తట్టాడు. ఎండిన మట్టి రాలింది. దాని వెనక ఒక సాలీడు. ఇంకొకటి. మొత్తం ఏడు. చచ్చినవి కావు, స్పృహ తప్పినట్టున్నాయి. ఒకదాని కాలు కదిలింది. మాధవి రెండడుగులు వెనక్కి వేసింది.

"ఏంటండీ ఇది?"

యాదగిరే చెప్పాడు. "పుట్టబోయే పిల్లలకు కందిరీగ టిఫిన్ గట్టి పెట్టింది మేడం."

ఎవరూ నవ్వలేదు. మాధవి చెయ్యి చాపి, "మూతల లిస్టు ఇవ్వండి" అంది. లిస్టులో పదకొండు కన్నాలు, పదకొండు టిక్కులు. రాకెట్‌కు ఉన్నవి పన్నెండు. ఆ సన్న గొట్టాన్ని చివరి నిమిషంలో మార్చి బిగించారు. డ్రాయింగ్ మారింది, లిస్టు మారలేదు.

"లిస్టు ఎవరు రాశారు?"

"నేనే రాసిన" అన్నాను.

యాదగిరి నేల చూశాడు. ఆర్డర్ పోయినట్టే అనుకున్నాను. మూతలు పెట్టిననాడు నేను లిస్టులో టిక్కులు లెక్కపెట్టుకున్నాను, రాకెట్ చుట్టూ తిరిగి కన్నాలు లెక్కపెట్టలేదు. మీరు ఈ వ్యాసంలో మిగతాదంతా మరిచిపోయినా సరే, కన్నాలు లెక్కపెట్టండి.

మాధవి లిస్టు నా చేతికి తిరిగి ఇచ్చింది. "మిగతా పదకొండూ నా ముందే తెరవండి" అని ఒక డ్రమ్ము బోర్లించుకుని కూర్చుంది. రెండు రోజులు అక్కడే కూర్చుంది. మా టీ తాగింది. బిస్కెట్ మాత్రం తెల్లగీత అవతలే తినాలని యాదగిరి చెబితే, లేచి వెళ్లి తినొచ్చింది. మిగతావన్నీ శుభ్రంగా ఉన్నాయి. లేచి నోటుపుస్తకం మూసింది.

"రాకెట్లలో ఏదో ఒకటి దొరకడం నాకు కొత్త కాదండీ. దొరికినదాన్ని నా ముందే బయటికి తీయడం కొత్త. ఎగరేయండి."

గడువుకు ఒక్కరోజు ముందు, అదే బంజరులో, అదే రాకెట్ రెండోసారి లేచింది. మొదటిసారి కన్నా ఎత్తుకు పోయింది. పైన కాస్త పక్కకు వాలింది. "యా అల్లా" అని నేనూ, "యాదగిరి నర్సిమ్మా" అని యాదగిరీ ఒకేసారి అన్నాం. అది సర్దుకుని, తొందరేమీ లేనట్టు నెమ్మదిగా, నాలుగు కాళ్ల మీదా దిగింది.

ట్యాంకులు ఖాళీ చేసి, దగ్గరికి పోవచ్చని భద్రత విభాగం చెప్పడానికి గంటకు పైగా పట్టింది. బకెట్లు, గుడ్డలు, పన్నెండు మూతలు పట్టుకుని నేనూ యాదగిరీ ముందు నడిచాం. వెనక నుంచి ప్రణీత్ పరుగెత్తుకొచ్చాడు. రెండు చేతులూ చాపి, రాకెట్‌ను కావలించుకునేటట్టే ఉన్నాడు.

"సార్, చేతులు!" అని అరిచాను.

రెండడుగుల దూరంలో ఠక్కున ఆగి, పోలీసులకు దొరికిపోయినవాడిలా చేతులు పైకెత్తాడు. అలాగే నిలబడి ఏడ్చాడు. కన్నీళ్లు గడ్డం దాకా కారుతున్నా తుడుచుకోలేదు. యాదగిరి ముఖం అటు తిప్పుకున్నాడు. నా కళ్లూ కారుతూనే ఉన్నాయి. నేనూ తుడుచుకోలేదు. గ్లవ్స్ వేసుకుని ఉన్నాను.